చెట్టు కేక, వినయపిటక సందేహం: రోల్డ్ డాల్ ‘ది సౌండ్ మెషీన్’ కథపై ఒక పరిశీలన

మనిషి ఇంద్రియాలకు అందని లోకమొకటి మన చుట్టూనే ఉన్నదనీ, తగిన పరికరం ఉంటే దాని కంపనాలను పట్టుకోవచ్చుననీ ఊహించిన కథలు ఇరవయ్యో శతాబ్దపు ఆంగ్ల సాహిత్యంలో అనేకం ఉన్నాయి. హెచ్. పి. లవ్‌క్రాఫ్ట్ 1920లో రాయగా 1934లో అచ్చయిన ‘ఫ్రమ్ బియాండ్’ వాటిలో ప్రసిద్ధమైనది. అందులోని యంత్రం వెలువరించే తరంగాలు మనిషిలో నిద్రాణమై ఉన్న ఇంద్రియాన్ని మేల్కొలుపుతాయి. అప్పుడు కనిపించేది వికృత జీవులతో నిండిన భయానక లోకం. 1949లో ‘ది న్యూయార్కర్’ పత్రికలో వెలువడి, తరువాత ‘సమ్‌వన్ లైక్ యూ’ సంపుటిలో చేరిన రోల్డ్ డాల్ కథ ‘ది సౌండ్ మెషీన్’ ఈ కోవకు చెందినదే గాని, దాని దారి వేరు. డాల్ యంత్రం తెరిచి చూపే అదృశ్యలోకం పొరుగింటి గులాబీ పొదలో ఉంది, పార్కులోని చెట్టు కాండంలో ఉంది.

బౌద్ధ అధ్యయనాల పత్రికలో ఈ కథను పరిశీలించడానికి కారణాలు రెండు. మొదటిది, డాల్ కథానాయకుణ్ణి కలవరపెట్టిన ప్రశ్న వినయపిటకంలో ఒక శిక్షాపదానికి నేపథ్యమై చాలా పూర్వమే చర్చకు వచ్చింది. రెండవది మన కాలానికి సంబంధించినది. స్తూపాల దగ్గర, గుహావిహారాల దగ్గర లోలకాలూ ‘శక్తి మీటర్లూ’ పట్టుకొని తిరుగుతూ, అక్కడి ‘ప్రకంపనల’కు అంకెలు కట్టేవారు ఇటీవల పెరిగారు. ఆ అంకెలను ధర్మానికి రుజువులుగా చూపే వ్యాసాలూ వస్తున్నాయి. పరికరం ఏది చెప్పగలదు, ఏది చెప్పలేదు అన్న వివేచన లేకుండా ఈ ధోరణిని ఎదుర్కోలేము. ఆ వివేచనకు డాల్ కథ మంచి ప్రవేశద్వారం.

కథ

క్లాస్నర్ అనే బలహీనమైన, చిన్న శరీరం గల మనిషి తోటలోని షెడ్డులో ఒక యంత్రాన్ని తయారుచేస్తుంటాడు. చిన్నపిల్లల శవపేటిక ఆకారంలో ఉన్న ఆ పెట్టెలో తీగలూ గొట్టాలూ నిండి ఉంటాయి. మనిషి చెవి అందుకోలేని అతి సూక్ష్మ శబ్దాలను పట్టి, వాటిని వినదగిన స్థాయికి దించడం దాని పని. గొంతు పరీక్ష నిమిత్తం వచ్చిన డాక్టర్ స్కాట్‌కు అతడు తన నమ్మకాన్ని వివరిస్తాడు: మన చుట్టూ ఎప్పుడూ ఒక శబ్దప్రపంచం ఉంది, అది మనకు వినపడటం లేదంతే.

యంత్రం సిద్ధమయ్యాక క్లాస్నర్ చెవులకు ఇయర్‌ఫోన్లు తగిలించుకొని తోటలో నిలబడతాడు. ఉన్నట్టుండి ఒక భయంకరమైన కేక వినిపిస్తుంది. చుట్టూ చూస్తే పక్క తోటలో శ్రీమతి సాండర్స్ పసుపు గులాబీలు కత్తిరిస్తున్నది తప్ప వేరే అలికిడి లేదు. ఇంకొక పువ్వు కత్తిరించమని అతడు కోరతాడు. కత్తెర పడిన క్షణాన మళ్ళీ కేక. మరునాడు తెల్లవారగానే యంత్రాన్నీ గొడ్డలినీ పార్కుకు మోసుకుపోయి, ఒక బీచ్ చెట్టు మొదట్లో వేటు వేస్తాడు. ఈసారి వినిపించింది పదునైన కేక కాదు, సుదీర్ఘమైన, లోతైన మూలుగు. అతడు గాయాన్ని చేతులతో తడిమి చెట్టును క్షమాపణ వేడుకుంటాడు.

వెంటనే డాక్టరును పిలిపిస్తాడు. తనతోపాటు ఇంకొకరు వినాలి. డాక్టరు ఇయర్‌ఫోన్లు పెట్టుకోగా క్లాస్నర్ రెండవ వేటు వేస్తాడు. సరిగ్గా అదే సమయానికి పెద్ద కొమ్మ విరిగి యంత్రం మీద పడుతుంది. డాక్టరు తప్పించుకుంటాడు, యంత్రం నుజ్జవుతుంది. ఏమి విన్నావని క్లాస్నర్ అడిగితే, ఏమీ వినలేదని డాక్టరు అంటాడు గాని ఆ జవాబులో స్థిరత్వం లేదు. చివరకు క్లాస్నర్ పట్టుపట్టి చెట్టు గాయాలకు అయోడిన్ రాయిస్తాడు. రేపు కూడా వచ్చి చూడమని కోరతాడు, డాక్టరు ఒప్పుకుంటాడు.

కథ చూపిన నిజాయితీ, కథ చేసిన తొందర

ఈ కథను చాలామంది మొక్కల బాధను గురించిన కథగా చదువుతారు. అది సగం చదువు మాత్రమే. గులాబీ కేక విన్న తరువాత క్లాస్నర్ తనలో తాను చేసుకొనే తర్కం కథకు ఆయువుపట్టు. అది బాధతో పెట్టిన కేక అని అనవలసిన అవసరం లేదని అతనికే తోస్తుంది. ఆ కేకలో మనిషికి తెలిసిన ఏ భావమూ లేదు. మొక్క అనుభవించేది మన బాధకు సంబంధం లేని, మనకు పేరు కూడా తెలియని మరేదో కావచ్చు. ఆ ‘మరేదో’కు డాల్ అర్థంలేని వింత పేర్లు రెండు మూడు కల్పించి ఇస్తాడు. ఈ చోట రచయిత చూపిన జాగ్రత్త చాలామంది శాస్త్ర రచయితలలో కూడా కనపడదు. యంత్రం శబ్దాన్ని పట్టింది, దాని అర్థాన్ని పట్టలేదు అని కథే ఒప్పుకున్నది.

అయితే మరునాటికి క్లాస్నర్ ఆ జాగ్రత్తను మరచిపోతాడు. చెట్టుకు క్షమాపణ చెప్పడం, మనిషి గాయానికి పూసే మందును చెట్టుకు పూయించడం, ఇవన్నీ ఆ పేరులేని ‘మరేదో’ను మళ్ళీ మానవ బాధగా మార్చుకున్న చేష్టలు. ఇది పాత్రలోని లోపమే గాని కథలోని లోపం కాదు. మనిషి సందేహంలో ఎక్కువసేపు నిలవలేడు. ఒక అంకె కనిపించినా, ఒక శబ్దం వినిపించినా దానికి తనకు తెలిసిన అర్థాన్ని తగిలించి ఊరట పొందుతాడు. డాల్ దీనిని వ్యాఖ్యానం లేకుండా చూపించాడు.

నాకు అసంతృప్తి కలిగించేది యంత్రం విరిగిపోయే ఘట్టం. రెండవ సాక్షి వినబోయే క్షణానికి సాక్ష్యం నశించడం ఇటువంటి కథలలో అరిగిపోయిన ఉపాయం. డాక్టరు స్పష్టంగా విని ఉంటే కథ ఎటు నడిచేదన్న కష్టమైన ప్రశ్నను కొమ్మ విరిచి రచయిత దాటవేశాడు. క్లాస్నర్ ఊహలో గోధుమ చేను కోత ఒకటి మెదులుతుంది. ఒక్కసారిగా వందల కాండాలు కోతకు గురైతే ఎంతటి కేక! పండిన ఆపిల్ దానంతటదే రాలుతుంది గనుక దానితో చిక్కు లేదు, మరి కూరగాయల మాటేమిటి అని కూడా అతడు ఆలోచిస్తాడు. ఆ కేక నిజమని ఇద్దరికి తెలిస్తే, పదిమందికి తెలిస్తే, మనుషులు ఏమి తిని బతకాలి? ఎట్లా బతకాలి? డాల్ ఈ గుమ్మం దాకా వచ్చి ఆగిపోయాడు. వినయపిటకం ఈ గుమ్మం దాటి లోపలికి వెళ్ళింది.

యంత్రం లేని వినికిడి

తెలుగు పాఠకునికి ఈ కథ చదవగానే జంధ్యాల పాపయ్యశాస్త్రి ‘పుష్పవిలాపం’ గుర్తుకు రాకమానదు. పూజకు పూలు కోయబోయిన కవితో పూలు మాట్లాడతాయి. తమ బతుకును ఎందుకు తుంచుతున్నావని నిలదీస్తాయి. కవి ఉత్తచేతులతో తిరిగి వస్తాడు. ఘంటసాల గొంతులో ఆ పద్యాలు వినని తెలుగిల్లు ఒక తరంలో లేదంటే అతిశయోక్తి కాదు. ‘కరుణశ్రీ’ అన్న పేరుతో బుద్ధుని జీవితాన్ని కావ్యంగా మలచిన కవే ఈ పద్యాలను రాయడం యాదృచ్ఛికం కాదు.

రెండు రచనల మధ్య భేదం గమనించదగినది. కరుణశ్రీ పూలకు మాటలున్నాయి, నీతి ఉంది, ఎత్తిపొడుపు ఉంది. అవి మన భాషలోనే మాట్లాడుతాయి. కవి కరుణ ముందు పుట్టి, పూల మాట తరువాత వినపడింది. డాల్ కథలో శబ్దం ముందు పుట్టింది, కరుణ దాని వెంట వచ్చింది. క్లాస్నర్‌కు యంత్రం లేకపోతే గులాబీ మీద జాలి లేదు. పుష్పవిలాపం పాఠకునికి రుజువు అక్కరలేదు, అతడు కావ్యధర్మాన్ని అంగీకరించి చదువుతాడు. రుజువు దొరికితేనే కరుణిస్తాననే మనస్తత్వం ఆధునికమైనది. దాని బలమెంతో దాని పరిమితి ఎంతో తెలియాలంటే నిజమైన పరికరాల వైపు చూడాలి.

బోస్ పరికరం

డాల్ ఊహకు అర్ధ శతాబ్దం ముందే జగదీశ్ చంద్ర బోస్ మొక్కల ప్రతిస్పందనలను కొలవసాగాడు. 1901 మే 10న లండన్ రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో లోహం, మొక్క, జంతు కండరం, ఈ మూడింటి విద్యుత్ ప్రతిస్పందనలు ఒకే తీరుగా ఉంటాయని ఆయన ప్రదర్శించి చూపాడు. మరుసటి నెల రాయల్ సొసైటీలో శరీరధర్మ శాస్త్రజ్ఞుడు బర్డన్ శాండర్సన్ అభ్యంతరం లేవదీశాడు. మొక్కల విషయంలో ‘ప్రతిస్పందన’ అన్న పదం వాడరాదన్నది ఆ అభ్యంతరంలో ముఖ్యాంశం. అంటే సూచి కదలడం మీద ఉన్న వివాదం కన్నా, ఆ కదలికకు పెట్టిన పేరు మీద ఉన్న వివాదం పెద్దది. మొక్కలలో విద్యుత్ సంకేతాలు ప్రసరిస్తాయన్న విషయాన్ని నేటి వృక్షశాస్త్రం అంగీకరిస్తుంది. ఆ సంకేతాల వెనుక అనుభూతి ఉన్నదా అన్న ప్రశ్న ఇప్పటికీ చర్చలోనే ఉంది.

బోస్ నిర్మించిన క్రెస్కోగ్రాఫ్ మొక్క పెరుగుదలను పదివేల రెట్లు పెద్దది చేసి, పొగ పట్టించిన గాజుపలక మీద చుక్కలుగా నమోదు చేసేది. తరువాతి అయస్కాంత పరికరం దానికన్నా ఎన్నో రెట్లు సున్నితమైనది. దానిపై సందేహాలు వెలువడినప్పుడు 1920లో లండన్‌లో శాస్త్రజ్ఞుల ఎదుట పరీక్ష జరిగింది. పరికరం మొక్క పెరుగుదలను సరిగానే నమోదు చేస్తున్నదని వారు పత్రికాముఖంగా ధ్రువీకరించారు. క్లాస్నర్‌కు దొరకని రెండవ సాక్షి బోస్‌కు దొరికాడు. ఆ సాక్షులు సైతం ధ్రువీకరించింది నమోదును మాత్రమే. మొక్క హృదయాన్ని గురించి బోస్ చేసిన విశాలమైన ప్రతిపాదనలకు ఆ ధ్రువీకరణ వర్తించదు. బోస్‌ను పొగిడే మన వ్యాసాలు చాలావరకు ఈ గీతను చెరిపివేస్తాయి.

1917 నవంబరు 30న కలకత్తాలో తన పరిశోధనాలయాన్ని ప్రారంభించినప్పుడు బోస్ రెండు చిహ్నాలను ఎంచుకున్నాడు. ఒకటి వజ్రాయుధం, రెండవది సగం ఉసిరికాయ. రెండవది అశోకావదానంలోనిది. సర్వస్వమూ చేజారిన చివరి దినాలలో చక్రవర్తి తన వద్ద మిగిలిన సగం ఉసిరికాయను కుక్కుటారామ సంఘానికి పంపుతాడు. భిక్షువులు దానిని నూరి, పులుసులో కలిపి సంఘమంతటికీ పంచుతారు. సున్నితమైన కొలతల మీద జీవితమంతా వెచ్చించిన మనిషి, తూకానికి అందని విలువ గల దానాన్ని తన పరిశోధనాలయపు అంచుల మీద చెక్కించుకున్నాడు. కొలిచే పనికీ విలువ కట్టే పనికీ మధ్య ఉన్న ఎడం ఆయనకు తెలుసుననడానికి ఇదొక ఆనవాలు.

టెల్ అవీవ్ టమాటాలు

డాల్ యంత్రం దాదాపు నిజమైన సందర్భం 2023లో వచ్చింది. టెల్ అవీవ్ విశ్వవిద్యాలయ పరిశోధకులు ‘సెల్’ పత్రికలో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, నీరు అందని, లేదా కాండం కోసిన టమాటా, పొగాకు మొక్కలు గంటకు సుమారు 30 నుంచి 50 వరకు టిక్కుటిక్కుమనే అతిధ్వనులు వెలువరిస్తాయి. ఒత్తిడి లేని మొక్క నుంచి గంటకు ఒకటి రావడం కూడా అరుదు. ఆ ధ్వనులు 40 నుంచి 80 కిలోహెర్ట్జ్ స్థాయిలో ఉంటాయి. మనిషి చెవి హద్దు సుమారు 20 కిలోహెర్ట్జ్. మైక్రోఫోన్లు మూడు నుంచి అయిదు మీటర్ల దూరం నుంచి వాటిని పట్టగలిగాయి.

‘మొక్కలు అరుస్తున్నాయి’ అని వార్తాపత్రికలు శీర్షికలు పెట్టాయి. పరిశోధకులు చెప్పింది అది కాదు. మొక్క నాళాలలోని నీటిస్తంభంలో గాలి బుడగలు ఏర్పడి పగలడం ఈ ధ్వనికి కారణమై ఉండవచ్చునన్నారు. ఆ ధ్వనులను ఉద్దేశపూర్వకమైన సందేశంగా వారు చెప్పలేదు. గొంతు లేని చోట కేక అన్న మాటే రూపకం. ఎండిన మొక్కను గుర్తించి సకాలంలో నీరు పెట్టడానికి రైతుకు ఈ ధ్వని ఉపయోగపడవచ్చు. మొక్క బాధపడుతున్నదని తీర్పు చెప్పడానికి ఇది చాలదు. క్లాస్నర్ ఒక సాయంత్రం తెలుసుకొని మరునాడు మరచిన పాఠాన్నే పత్రికా శీర్షికలు 74 ఏళ్ల తరువాత మళ్ళీ మరచాయి.

ఆళవీ చెట్టు

ఇప్పుడు వినయపిటకం వైపు వద్దాం. పాచిత్తియ శిక్షాపదాలలో పదకొండవది భూతగామాన్ని, అంటే మొలిచే స్వభావం గల వృక్షజాతిని నాశనం చేయరాదన్న నియమం. దాని ఉత్పత్తి కథ ఆళవీలో జరిగింది. అక్కడి భిక్షువులు కొత్త కట్టడాల కోసం చెట్లు నరుకుతూ, నరికిస్తూ ఉంటారు. ఒక చెట్టును ఆశ్రయించుకొని ఉన్న దేవత, నీ ఇంటి కోసం నా ఇంటిని నరకవద్దని ఒక భిక్షువును వేడుకుంటుంది. అతడు వినడు. గొడ్డలి వేటు దేవత బిడ్డ చేతికి తగులుతుంది. ఆమెకు ఆ భిక్షువును అక్కడికక్కడే చంపాలనిపిస్తుంది. అది తగదని నిగ్రహించుకొని బుద్ధునికి విన్నవిస్తుంది. చంపకుండా ఉండి మంచి పని చేశావని బుద్ధుడు ఆమెను మెచ్చుకొని, ఖాళీగా ఉన్న మరొక చెట్టును చూపి అక్కడికి వెళ్ళమంటాడు.

కథ ఇంతటితో ముగిసి ఉంటే ఇది అదృశ్యలోకపు ఫిర్యాదు మాత్రమే. దీని తరువాతి భాగం ముఖ్యం. శాక్యపుత్రీయ శ్రమణులు చెట్లు నరికి ఏకేంద్రియ జీవాన్ని హింసిస్తున్నారని ప్రజలు నిరసిస్తారు. ఆ నిరసన బుద్ధుని చెవిని పడుతుంది. చెట్టులో జీవమున్నదని ప్రజలు భావిస్తున్నారన్న కారణాన్ని చూపుతూ ఆయన భిక్షువులను మందలించి నియమం ఏర్పరుస్తాడు. చెట్టుకు నిజంగా ప్రాణమున్నదని గాని, లేదని గాని ఆ చోట ఆయన తీర్పు చెప్పలేదు.

ఈ నిర్మాణంలోని సూక్ష్మతను మన విమర్శకులు తగినంత గుర్తించలేదు. కనిపించని దేవత ఫిర్యాదు ఒక తీరుగా పరిష్కారమైంది: ఆమెకు వేరొక నివాసం దొరికింది. సంఘమంతటికీ వర్తించే నియమానికి ఆధారం మాత్రం అందరికీ కనిపించేది, అందరూ మాట్లాడుకొనేది. దేవతను చూడగలిగిన వాడు ఒక్కడే. ప్రజల నిరసన అందరికీ వినపడుతుంది. క్లాస్నర్ తన ఒక్కడి చెవిలో మోగిన శబ్దం మీద కొత్త నీతిని నిర్మించబోయి ఒంటరివాడయ్యాడు. వినయం ఒక్కడి వినికిడి మీద నీతిని నిలపలేదు.

ప్రజల ఇదే భావన వినయంలో మరికొన్ని చోట్ల కనపడుతుంది. వానకాలంలో భిక్షువులు పచ్చగడ్డి తొక్కుతూ తిరుగుతున్నారన్న నిరసన వర్షావాస నియమానికి నేపథ్యం. లేత తాటిచెట్లు కొట్టించి ఆకులతో చెప్పులు చేయించుకున్నారన్న నిరసన వెంట మరొక నిషేధం వచ్చింది. పండ్లు తినడానికి కూడా ఒక మార్గం ఏర్పడింది. నిప్పు తగిలినదో, కత్తి గాటు పడినదో, గోటి గాటు పడినదో, విత్తు లేనిదో, విత్తు తీసినదో అయితే భిక్షువు ఆ పండును స్వీకరించవచ్చు. గోధుమ చేను ముందు, కూరగాయల ముందు క్లాస్నర్ ఊహ ఆగిపోయింది. వినయం మనుషులు తినక తప్పదని ఎరిగి, తినే తీరుకు ఒక హద్దు గీసింది.

అదే శిక్షాపదపు విభంగంలో మరొక వివరం ఉంది. విత్తనాన్ని విత్తనమని తెలిసి నాశనం చేస్తే పాచిత్తియం. విత్తనమో కాదో అన్న సందేహంతో చేస్తే దుక్కటం. విత్తనం కానిదాన్ని విత్తనమని భావించి చేసినా దుక్కటమే. ఇక్కడి సందేహం ‘ఈ వస్తువు మొలిచేదేనా’ అన్నదే గాని ‘మొక్కకు అనుభూతి ఉందా’ అన్నది కాదు. అయినా దీనిలో పనిచేస్తున్న సూత్రం గమనించదగినది. సందేహం తీరేదాకా ఏమి చేసినా దోషం లేదని వినయం అనలేదు. సందేహమున్నదని తెలిసీ వేటు వేయడమే ఒక స్ఖాలిత్యం అన్నది. ఈ దృష్టితో చూస్తే క్లాస్నర్ రెండవసారి గొడ్డలి ఎత్తడం ఆ కథలోని అసలు తప్పు. చెట్టు మూలుగు విన్నాననుకున్నవాడు, దానిని రుజువు చేయడానికి అదే చెట్టు మీద మళ్ళీ వేటు వేశాడు.

తరువాతి బౌద్ధ సిద్ధాంతం మొక్కలను సత్త్వాలలో చేర్చలేదు. జీవులు సంచరించే గతులలో వృక్షగతి లేదు. ఆదిమ బౌద్ధంలో మొక్కల స్థానం అంత స్పష్టంగా లేదని, అవి సచేతన, అచేతనాల మధ్య సరిహద్దు మీద ఉండి ఉండవచ్చునని లాంబర్ట్ ష్మిట్‌హౌజెన్ 1991 నాటి తన గ్రంథంలో వాదించాడు. ఆ వాదంతో ఏకీభవించినా లేకున్నా ఒక సంగతి మిగులుతుంది. సిద్ధాంతం మారింది, శిక్షాపదం మారలేదు. మొక్కకు ప్రాణం లేదని నిశ్చయించిన తరువాత కూడా థేరవాద భిక్షువు మొక్కను తుంచడు. జవాబు మీద ఆధారపడని సంయమనం గనుకనే అది జవాబు మారినా నిలిచింది.

శిల్పసాక్ష్యం కూడా ఈ ప్రజాభావననే చూపుతుంది. భర్హుత్‌లో చెట్టును పెనవేసుకొని నిలిచిన చందా యక్షిని కలకత్తా ఇండియన్ మ్యూజియంలో చూడవచ్చు. భర్హుత్, బోధ్‌గయ ప్రాకార శిల్పాలలో చెట్టులోంచి చేతులు మాత్రం బయటికి చాచి, మనిషికి అన్నపానాలు అందించే దృశ్యాలున్నాయి. చేతుల వెనుక ముఖం లేదు. శిల్పి ఆ లోపలి ప్రాణిని కొలవలేదు, వర్ణించలేదు. చెట్టు మనకు ఇస్తున్నదన్న మేరకు చెక్కి ఊరుకున్నాడు.

దివ్యశ్రోత్రం, ప్రదర్శన

సూక్ష్మశబ్దాలు వినే శక్తి బౌద్ధానికి కొత్త కాదు కదా, దివ్యశ్రోత్రం అభిజ్ఞలలో ఒకటి కదా అన్న ప్రశ్న సహజం. సామఞ్ఞఫల సుత్తంలో దానికి ఇచ్చిన ఉపమానం పరిశీలించాలి. దారిన పోయేవాడు భేరీ శబ్దం, మృదంగ శబ్దం, శంఖనాదం విని, ఇది భేరి, ఇది మృదంగం, ఇది శంఖం అని గుర్తుపడతాడు. ఉపమానంలోని బలం వినడంలో కన్నా గుర్తుపట్టడంలో ఉంది. క్లాస్నర్‌కు చెవి దొరికింది గాని ఏ శబ్దం దేనిదో, దేని అర్థమేమిటో తేల్చే వివేకం దొరకలేదు. పైగా సుత్తంలో ఆ శక్తి శీలం, సమాధి అన్న మెట్లు ఎక్కిన తరువాత వస్తుంది. తీగలు బిగించి ఆ మెట్లు దాటవేయవచ్చునన్న ఆశే యంత్రకథలన్నిటికీ మూలం.

ప్రదర్శన సంగతీ అంతే. కేవట్ట సుత్తంలో నాలందా గృహపతి కేవట్టుడు, ఒక భిక్షువు చేత అద్భుతం చేయిస్తే నగర ప్రజలకు విశ్వాసం పెరుగుతుందని బుద్ధుణ్ణి కోరతాడు. ఆయన ఒప్పుకోడు. నమ్మనివాడు దానిని గాంధారీ విద్య అంటాడు, అప్పుడేమి జవాబు చెబుతావని అడుగుతాడు. అద్భుతం తనకు తానే సాక్ష్యం కాలేదన్న ఈ పరిశీలన, పరికర సాక్ష్యాన్ని గురించి నేటి శాస్త్రజ్ఞుడు చెప్పే మాటకు చాలా దగ్గర. బుద్ధుడు మెచ్చింది అనుశాసన ప్రాతిహార్యాన్ని, అంటే బోధ వల్ల మనిషిలో వచ్చే మార్పును.

మన పరికరాలు, మన స్తూపాలు

పురావస్తు పరిశోధకులమైన మేమూ అదృశ్యాన్ని కొలిచేవారమే. భూమిలోకి చొచ్చుకుపోయే రాడార్ రేడియో తరంగాలను పంపి, అవి తిరిగి వచ్చిన కాలాన్ని నమోదు చేస్తుంది. అయస్కాంతమాపకం కాల్చిన ఇటుక ఉన్న చోట చిన్న మార్పు చూపుతుంది. నేల విద్యుత్ నిరోధం తడిని, పొడిని, రాతిని వేరుచేస్తుంది. తెలుగు నేల మీది ఇటుక స్తూపాల వద్ద ఈ పద్ధతులు ఎంతో ఉపయోగకరం. కాని తెరమీద వంపు తిరిగిన గీత కనిపించగానే దానిని మేము గోడ అని రాయము, అసాధారణ సంకేతం అని రాస్తాము. అది గోడా, పాత కాలువా, చెట్టు వేరు కుళ్ళిన గుంతా అన్నది తవ్వకం తేల్చాలి. తవ్వకం వీలుకాని చోట ఆ మాట అలాగే మిగలాలి. సంకేతానికీ పేరుకూ మధ్య ఈ ఖాళీని కాపాడటం మా వృత్తిలో మొదటి క్రమశిక్షణ.

స్తూపాల దగ్గర తిప్పే లోలకాలకు ఈ క్రమశిక్షణ లేదు. ఫ్రెంచి రసాయన శాస్త్రజ్ఞుడు షెవ్రూల్ 1833లోనే, చేతిలో పట్టుకున్న లోలకం పట్టుకున్నవాని తెలియని కండర కదలికల వల్ల ఊగుతుందనీ, కళ్ళకు గంతలు కడితే ఆ ఊపు ఆగిపోతుందనీ చూపాడు. అటువంటి లోలకం చెప్పిన అంకె స్తూపాన్ని గురించినది కాదు, పట్టుకున్నవాని ఆశను గురించినది. ఆ అంకెను ధాతువుల మహిమకు రుజువుగా చూపేవారు రెండు నష్టాలు చేస్తున్నారు. శాస్త్రానికి చేసే నష్టం స్పష్టమే. ధర్మానికి చేసే నష్టం అంతకన్నా పెద్దది. అంకె ఎక్కువ వచ్చిన స్తూపం గొప్పదైతే, అంకె రాని స్తూపం ఏమి కావాలి? మీటరు చూపితేనే పూజ్యమనే అలవాటు పడితే, మీటరు తప్పని తేలిన నాడు శ్రద్ధకు చోటెక్కడ? శిథిలమైన దిబ్బగా మిగిలి, పొలం గట్టుల కింద నలుగుతున్న స్తూపాలకు కావలసింది సర్వే రాయి, కంచె, కావలి. వాటి కోసం అడిగే గొంతులు ప్రకంపనలు కొలిచే గొంతులంత పెద్దవిగా లేవు.

డాల్ కథను ఈ వెలుగులో చదివితే దాని విలువ తగ్గదు. మొక్క అనుభవానికి పేరు తెలియదని ఒప్పుకున్న ఆ ఒక్క ఘట్టం వల్ల ఈ కథ తన జాతి కథలన్నిటికన్నా ఎత్తున నిలుస్తుంది. యంత్రాన్ని విరగ్గొట్టి ప్రశ్నను దాటవేయడం దాని పరిమితి. చివరి దృశ్యంలో డాక్టరు, తాను విన్నాడో లేదో తేలకుండానే, చెట్టు గాయానికి అయోడిన్ రాస్తాడు, రేపు మళ్ళీ వస్తానంటాడు. మిత్రుని భయానికి తలవంచే అతడా పని చేసి ఉండవచ్చు. కారణమేదైనా, నిశ్చయం లేకుండానే గాయపడినదాని పట్ల శ్రద్ధ వహించిన వాడు ఆ కథలో అతడొక్కడే. ఆళవీ నియమాన్ని ఎరిగిన పాఠకునికి క్లాస్నర్ కన్నా డాక్టరు స్కాట్ దగ్గరివాడుగా తోస్తాడు.